నావికుల పాట

గోదావరి తూర్పు సముద్రమునకు పోవు నది. కాని మంచిర్యాల జిల్లాలోని చెన్నూరు దగ్గర ఆ నది ఉత్తరదిశకు మరలి కొంత దూరము ప్రవహించును. అందుచేత అచ్చట దానిని పంచక్రోశ ఉత్తరవాహిని యని పిలుతురు. చెన్నూరునకు దిగువన, కాళేశ్వరము కడ, ప్రాణహిత వచ్చి గోదావరిలో కలియును.

ఇట్టి నదిలో పడవ నడపుట సులభము కాదు. వర్షకాలమున వరదనీరు గట్ల నొరసికొని పారును. వేసవిలో ఇసుకతిన్నెలు బయటపడి, నీరు సన్నని పాయలుగా చీలిపోవును. ఈ యేడు లోతుగా నున్న చోటు మరుసటి యేడు మెరక కావచ్చును. అక్కడక్కడ రాతిబండలు నదికి అడ్డముగా నుండును. ఆ బండలను తప్పించి ఎగువ గోదావరిలో పెద్ద పడవలను నడపవలెనని ఆంగ్లప్రభుత్వము కట్టడములు ప్రారంభించెను. విశేషధనము వ్యయమైన పిమ్మట 1871లో ఆ ప్రయత్నమును మానుకొనెను.

కాబట్టి నదిలో దారిని కంటితోనే కనిపెట్టవలెను. పడవపాట దారిని చూపదు. తెడ్లు వేయువారి చేతులను ఒక్కటి చేయును. ఒకడు పాట ఎత్తుకొనగా తక్కినవారు ‘హైలెస్సా’ యని అందుకొందురు. ఆ ఊపునకు తెడ్లన్నియు ఒక్కసారి నీట మునిగి, ఒక్కసారి పైకి లేచును.

దారిని చూపు పాటలు కూడ లోకమున కలవు. అవి సముద్రముపై తిరుగువారి పాటలు. సముద్రమున చెట్టు లేదు, గట్టు లేదు, బాట లేదు. కాని పైన ఆకాశమున్నది. ఏ నక్షత్రమైనను ప్రతిదినము దిగంతమున ఒకే చోట ఉదయించి, ఒకే చోట అస్తమించును. ఉదయించు వేళ మాత్రము దినమునకు నాలుగు నిమిషములు ముందునకు జరుగుచుండును. నదిలోని దారి ఏటేట మారును. ఆకాశములోని దారి తరతరములకును మారినట్లు కనబడదు. అందుచేత దానిని పాటగా కట్టి మనుమలకు అప్పగింపవచ్చును.

పసిఫిక్ మహాసముద్రములో కరొలైన్ ద్వీపములని కొన్ని దీవులు గలవు. వానిలో సతవాల్ అనునది చదరపు కిలోమీటరునకు కొంచెము మించిన చిన్న దీవి. అచ్చటి పెద్దలు పగడపురాళ్లను చాపపై గుండ్రముగా పేర్చి, ఒక్కొక్క రాతికి ఒక్కొక్క నక్షత్రము పేరు పెట్టి బాలురకు నేర్పెడివారు. ఏ చుక్క దిక్కుగా పోయిన ఏ దీవి చేరవచ్చునో, ఆ దారిలో ఏ పక్షులు, ఏ చేపలు కనబడునో వారి పాటలు తెలుపును. ఒక్క పేరు తప్పినను పడవ దీవిని దాటిపోయి, నడిసముద్రమున చిక్కుకొనవచ్చును. కనుక నావికులు ఆ పాటలను పొలముపుట్రలకంటె మిన్నగా కాపాడుకొని, పరులకు నేర్పక దాచెడివారు.

మావు పియాయ్‌లుగ్ 1932లో ఆ దీవిలోనే పుట్టెను. చిన్ననాడే తాత యాతనికి నావికవిద్య నేర్పెను. మావు పెద్దవాడగునప్పటికి కాలము మారినది. దీవిలోని యువకులు ఈ విద్యపై ఆసక్తి చూపరైరి. తనతోనే ఆ విద్య అంతరించునేమో యని ఆతడు చింతించెను. హవాయి ద్వీపములలోనైతే ప్రాచీన నావికవిద్య తెలిసినవాడు ఒక్కడును మిగులలేదు. అచ్చటివారు పూర్వపద్ధతిని ఒక జంటపడవను నిర్మించి, దానిని నడపుమని మావును వేడుకొనిరి. ఆతడు సమ్మతించెను.

ఆ పడవ 1976 మే 1న హవాయి నుండి బయలుదేరెను. దిక్సూచి లేదు, పటము లేదు. రాత్రులందు చుక్కలను, పగలు సూర్యుని, అలల నడకను చూచుకొనుచు మావు దారి చెప్పెను. సుమారు 4,000 కిలోమీటర్లు సాగి, జూన్ 4న ఆ పడవ తాహితి చేరెను. పూర్వులు గాలికి కొట్టుకొనిపోయి యాదృచ్ఛికముగా ఆ దీవులను చేరిరని కొందరు పండితులు వాదించుచుండిరి. తెలిసిన దారిన, తలచిన చోటికి పోగలవిద్య వారికి ఉండవచ్చునని ఈ యాత్ర లోకమునకు చాటెను.

ఆ పడవ పేరు హోకులేఅ. ఆ మాటకు ఆనందతార యని అర్థము. అది మన రైతులు స్వాతికార్తె యని లెక్కించు స్వాతి నక్షత్రమే. హవాయిలో స్వాతి సరిగా నడినెత్తిమీదుగా సాగును. తాహితి నుండి ఉత్తరముగా వచ్చువారికి అది రాత్రిరాత్రికి పైకెక్కుచు కనబడును. అది నడినెత్తికి వచ్చినచో, తాము హవాయి సాటికి చేరితిమని నావికులు గ్రహింతురు.

చెన్నూరును, హవాయిలోని పెద్దదీవియు ఇంచుమించుగా 19వ ఉత్తర అక్షాంశముననే యున్నవి. కావున అదే స్వాతి చెన్నూరువారికిని నడినెత్తిమీదుగా పోవును. సప్తర్షిమండలపు తోక వంపును అట్లే పొడిగించుకొని పోయినచో, నారింజవన్నె గల కాంతివంతమైన ఆ చుక్క కనబడును. జ్యేష్ఠమాసపు రాత్రులందు దానిని చూచుట సులభము.

మావు తన విద్యను హవాయి యువకులకు నేర్పెను. కులవిద్యను పరులకిచ్చెనని స్వదీవిలో కొందరు నిందించినను వెనుదీయలేదు. ఆతని శిష్యుడు నైనోవా థామ్సన్ 1980లో యంత్రసహాయము లేకయే తాహితికి పోయి తిరిగివచ్చెను. మావు 2010లో మరణించెను. ఆ పడవ 2014 నుండి 2017 వరకు భూమండలమును చుట్టివచ్చెను. ఆతడు ఆ పాటలను దాచుకొనియున్నచో, అవి ఆతనితోనే మట్టిలో కలిసెడివి.

మన పల్లెలలోను కార్తెలను, చుక్కలను చూచి విత్తునాటు వేళ చెప్పగల వృద్ధులు కలరు. వారి ముంగిట కూర్చుండి ఆ పేర్లను అడిగి తెలిసికొనుట నేటి బాలబాలికల విధి.