అరవై ఏడో ఏట ముఖానికి రంగు

2018లో మా అబ్బాయి దగ్గర ఆరు నెలలు ఉండి వద్దామని నేనూ మా ఆవిడా అమెరికా వెళ్ళాము. వాడుండే ఊరు పిట్స్‌బర్గు. కొడుకూ కోడలూ ఆఫీసులకూ, మనవడు బడికీ వెళ్ళిపోయాక ఆ ఇంట్లో వినిపించేది ఫ్రిజ్జు చప్పుడొక్కటే. మా ఆవిడకు వంటిల్లుంది. ఆదివారం వస్తే పెన్‌హిల్సు గుట్టమీది వెంకటేశ్వరస్వామి ఉన్నాడు. నాకేముంది? టెలివిజను ఉంది.

యాభై అరవై ఏళ్ళనాటి కార్యక్రమాలు వేసే ఛానలొకటి నాకు దొరికింది. ఆ మాటలు నాకు సగమే అర్థమయ్యేవి. అయినా నలుపు తెలుపు బొమ్మలు కదా, మన కాలంవాళ్ళను చూసినట్టుండేది. ఒకనాటి ఉదయం ఒక ముసలాయన ఫైరు స్టేషనులో కూర్చుని చిన్న పిల్లవాడి కష్టసుఖాలు వింటున్నాడు. మధ్యాహ్నం వేరే కథలో ఆయనే, గళ్ళబల్ల ముందు బిళ్ళలు జరుపుతూ ఇంకో ముసలాయనతో పేచీ పెట్టుకొంటున్నాడు. మర్నాడు పోలీసు కథలో సాక్షి. బోడితల, సన్నటి శరీరం, పెద్ద చెవులు, మొహమంతా పాకే నవ్వు.

"ఇదుగో, మీ మేనమామ మళ్ళీ వచ్చాడు," అన్నాను మా ఆవిడతో.

"మీకు మా వాళ్ళంటే ఎప్పుడూ వేళాకోళమే," అంటూనే వచ్చి చూసింది. చూసి, "నిజమేనండోయ్, అచ్చం కైకలూరు మామయ్యే!" అంది.

సాయంత్రం మనవణ్ణి పట్టుకొన్నాను. వాడు కంప్యూటరు ముందు రెండు నిమిషాలు కూర్చుని, "తాతగారూ, ఈయన పేరు బర్ట్ మస్టిన్. పుట్టింది మన ఊళ్ళోనే!" అన్నాడు. వాడికి పిట్స్‌బర్గే మన ఊరు మరి.

ఆ రాత్రి నాకు సరిగా నిద్రపట్టలేదంటే మీరు నవ్వుతారేమో. కారణం చెబుతాను. ఆ మనిషి మొదటి సినిమాలో నటించేనాటికి ఆయన వయసు అరవై ఏడు. నాకప్పటికి అరవై ఆరు నిండాయి.

మస్టిన్ 1884 ఫిబ్రవరి 8న పుట్టాడు. అప్పటికి టెలివిజను మాట అటుంచి సినిమాయే లేదు. 1903లో పెన్సిల్వేనియా మిలిటరీ కాలేజీలో సివిల్ ఇంజనీరింగు పూర్తి చేశాడు. కాని ఆయన జీవితంలో ఎక్కువ భాగం గడిచింది ఆ చదువుతో కాదు, కార్లు అమ్మటంలో. ఇవాళ ఎవరికీ తెలియని పేర్ల కార్లు కొన్ని అమ్మాడు. కంపెనీ మూతబడితే ఇంకో కంపెనీ కారు అమ్మాడు. తరవాత రిటైరై, ఎండకాసే అరిజోనా రాష్ట్రంలో టూసాన్ అనే ఊరికి భార్యతో చేరాడు. మనవాళ్ళు కాశీకి పోయినట్టు, అక్కడి వృద్ధులు ఎండకోసం అరిజోనా పోతారు.

కథ ఇక్కడితో అయిపోవలసిందే. కాని ఆయనకో పిచ్చి ఉంది. కార్లమ్మే రోజులలోనే సాయంత్రాలు ఔత్సాహిక నాటకాలాడేవాడు. నలుగురు మగవాళ్ళు వాద్యాలు లేకుండా గొంతులు కలిపి పాడే బృందగానంలో చేరి పాడేవాడు. అమెరికాలో తొలి రేడియో కేంద్రాలలో ఒకటైన పిట్స్‌బర్గు కె.డి.కె.ఏ. 1920లో ప్రసారాలు మొదలుపెట్టింది. దాని తొలినాళ్ళలో మైకు ముందు నిలబడినవారిలో ఈయనా ఒకడు. ఇదంతా తీరిక వేళల సంబరమే తప్ప కూడుపెట్టే పనిగా ఆయన దీన్ని ఎన్నడూ చూసుకోలేదు.

రిటైరయ్యాక అరిజోనాలోనూ ఆ పిచ్చి పోలేదు. ఫీనిక్సు పట్నంలో 'డిటెక్టివ్ స్టోరీ' అనే నాటకంలో వేషం కట్టాడు. విలియం వైలర్ అనే పేరుమోసిన దర్శకుడు ఆ నాటకాన్నే సినిమాగా తీయబోతూ వచ్చి చూశాడు. పోలీసు స్టేషను ఊడ్చే ముసలివాడి వేషం ఈయనకిచ్చాడు. 1951లో ఆ సినిమా వచ్చింది. కథానాయకుడు కిర్క్ డగ్లస్. మన మస్టినుగారు చీపురు పుచ్చుకొని కాలిఫోర్నియాలో అడుగుపెట్టారన్నమాట!

అప్పుడే టెలివిజను అమెరికా ఇళ్ళలోకి వరదలా వస్తోంది. వారం వారం కొత్త కథ కావాలి. నాయకుడూ నాయికా స్థిరంగా ఉంటారు. పక్కింటి తాతా, రాత్రి కాపలావాడూ, సాక్షి చెప్పే ముసలాయనా మాత్రం ప్రతివారం కొత్తగా రావాలి. ఇటువంటి కారెక్టరు నటుణ్ణి ఒకటి రెండు రోజులకు పిలుస్తారు. నాలుగు మాటలుంటాయి. ఆ నాలుగు మాటల్లో ఆయన ఆ ఊళ్ళో అరవై ఏళ్ళనుంచీ ఉంటున్నాడని మనం నమ్మాలి.

మన సినిమాలలో గుమ్మడిగారు నెరసిన జుట్టు పెట్టుకొని, తనకంటె పెద్దవాళ్ళయిన రామారావుకూ నాగేశ్వరరావుకూ తండ్రిగా వేశారు. అదొక విద్య. ఈయనకు ఆ అవసరం లేకపోయింది. బట్టతల సొంతం, ముడతలు సొంతం. ఆ వయసులో దీపాల వేడిలో నిలబడి మాట మరిచిపోకుండా చెప్పగలవాళ్ళు ఎందరుంటారు? అందుకే కబురుమీద కబురు వచ్చి ఉంటుందని నా ఊహ. సినిమాలూ టెలివిజనూ కలిపి 150కి పైగా వేషాలు వేశాడు.

అందులో చాలా భాగం ఒకే అచ్చు అని నేనొప్పుకొంటాను. ముసలివాడంటే వేళాకోళానికో, ముద్దుకో తప్ప పనికిరాడని ఆ కథలు రాసినవాళ్ళ నమ్మకం. పది రోజులు చూసేసరికి నాకు కొంచెం విసుగే పుట్టింది.

విసుగు పోగొట్టింది 1973నాటి 'ఆల్ ఇన్ ద ఫామిలీ'. అందులో ఆయన పేరు జస్టిన్ క్విగ్లీ. వృద్ధాశ్రమంనుంచి పారిపోయి వచ్చిన మనిషి. ఎడిత్ అనే ఇల్లాలు జాలిపడి ఇంటికి తీసుకొస్తుంది; ఆర్చీ అనే ఆ ఇంటి యజమాని సణుగుతాడు. ప్రేక్షకులు నవ్వుతూనే ఉన్నారు. నేను నవ్వలేదు. తెరమీద ఆయనకు ఎనభై తొమ్మిదేళ్ళు. అంతకు నాలుగేళ్ళ ముందే, 1969లో, ఆయన భార్య పోయింది. పిల్లలు లేరు. ఇంటికి వెళితే ఎవరున్నారు? పనిలోకి వచ్చాడు.

చివరికి 1976లో 'ఫిలిస్' అనే కార్యక్రమంలో పెళ్ళికొడుకు వేషం! ఆయనకు తొంభై రెండు, పెళ్ళికూతురుగా వేసిన జూడిత్ లౌరీకి ఎనభై ఆరు. ఆ పెళ్ళి డిసెంబరులో ప్రసారమైంది. ఆమె నవంబరులోనే కన్నుమూసింది. ఆయన 1977 జనవరి 28న పోయాడు.

"పాపం," అంది మా ఆవిడ. కాసేపాగి, "మరి మీరు సుబ్బారావుగారికి ఏమని చెప్పొచ్చారు?" అని అడిగింది.

అసలు సంగతి అది. నేను కుర్రతనంలో మా ఊరి నాటక సమాజంలో వేషాలు కట్టినవాణ్ణి. ఉద్యోగం, పిల్లల చదువులు మీదపడి మానేశాను. అమెరికా బయలుదేరేముందు పాత మిత్రుడొకడు పరిషత్తు పోటీకి నాటిక తీసుకువెళుతూ, కాపలావాడి వేషం వెయ్యమని ఇంటికొచ్చి మరీ అడిగాడు. "ఈ వయసులో వేషాలేమిటిరా, నలుగురూ నవ్వుతారు," అని పంపేశాను. వాడు చిన్నబుచ్చుకొనే వెళ్ళాడు.

అదే రాత్రి, అంటే మనకు తెల్లవారుజామున, వాడికి ఫోను చేశాను. "నిద్ర లేపావు కదరా! కాపలావాడి వేషం ఎప్పుడో ఇచ్చేశాము," అన్నాడు. తరవాత కాస్త మెత్తబడి, "వచ్చే యేడాది నాటికలో మంచంలో పడుకొనే తాత ఉన్నాడు, రెండే మాటలు," అన్నాడు.

ఆ రెండు మాటలూ విమానంలోనే వచ్చేశాయి. మంచంమీంచి లేవటం ఒక్కటే ఇంకా కుదరటం లేదు.