గుమ్మం కాచిన పరదేశి: మార్సెల్ డెసాయీ క్రీడాజీవితం

ఫుట్‌బాల్ ఆటలో కీర్తి గోలు కొట్టినవానికి దక్కుతుంది. నింద గోలు ఆపలేనివానికి దక్కుతుంది. తన జట్టు గుమ్మాన్ని ఆట ముగిసేవరకు కాచే డిఫెండరు ఎనభైతొమ్మిది నిమిషాలు పొరపాటు లేకుండా ఆడినా, తడబడిన ఒక్క నిమిషమే లోకానికి గుర్తుంటుంది. పరాయి గడ్డపై పుట్టి వచ్చిన ఒక బాలుడు ఇట్టి కఠినమైన బాధ్యతను స్వీకరించి, తనను చేర్చుకున్న దేశపు జట్టుకే నాయకుడైన వృత్తాంతాన్ని మన విద్యార్థుల ముందుంచడం ఈ వ్యాసంలో మా ఉద్దేశం.

మార్సెల్ డెసాయీ 1968 సెప్టెంబరు 7న పశ్చిమ ఆఫ్రికాలోని ఘనా రాజధాని అక్రాలో జన్మించాడు. పుట్టినప్పటి పేరు ఒడెంకే అబ్బే. తల్లి అక్రాలోని ఫ్రెంచి కాన్సల్ కార్యాలయాధిపతిని వివాహమాడగా, ఆ పెద్దమనిషి ఆమె సంతానాన్ని దత్తత చేసుకొని తన పేరునే ఇచ్చాడు. నాలుగేళ్ల ప్రాయంలో బాలుడు ఫ్రాన్సు చేరాడు. ఇక్కడ ఒక సంగతి మరువరాదు. పొట్ట చేతబట్టుకొని వచ్చే సామాన్య వలసదారునికి ఉండని ఆసరా ఇతనికి ఇంటిలోనే ఉన్నది. కావున ఇతని జీవితాన్ని వలసదారులందరి జీవితంగా భావించరాదు.

డెసాయీ నాంత్ నగరపు క్లబ్బులో శిక్షణ పొందాడు. అతని అన్న సెత్ అడాంకర్ కూడ అదే క్లబ్బు ఆటగాడు. 1984లో కారు ప్రమాదంలో ఆ అన్న మరణించేనాటికి డెసాయీకి పదహారేళ్లు. అన్న ఆడిన క్లబ్బులోనే తమ్ముడు నిలిచి, 1986లో ప్రధాన జట్టులో స్థానం సంపాదించాడు. తరువాతి కాలంలో ఫ్రాన్సు జట్టుకు నాయకుడైన దిదియే దెషాం ఆ శిక్షణాలయంలో అతని సహాధ్యాయి.

1992లో డెసాయీ మార్సెయ్ క్లబ్బులో చేరాడు. 1993 మే నెలలో మ్యూనిక్ నగరంలో మిలాన్‌ను 1–0 తేడాతో ఓడించి ఆ క్లబ్బు యూరప్ చాంపియన్ అయినది. లంచాల వ్యవహారం బయటపడి క్లబ్బు చిక్కులలో పడగా, అదే సంవత్సరం నవంబరులో అతడు తాము ఓడించిన మిలాన్‌కే వెళ్లాడు. అక్కడి శిక్షకుడు ఫాబియో కాపెల్లో అతనిని రక్షణ పంక్తికి కొంచెం ముందు, మధ్యభాగంలో నిలిపాడు. 1994లో ఏథెన్సులో జరిగిన తుది పోటీలో మిలాన్ బార్సిలోనాను 4–0తో ఓడించినప్పుడు నాల్గవ గోలు డెసాయీదే. వరుసగా రెండేళ్లు రెండు వేర్వేరు క్లబ్బుల పక్షాన ఈ కప్పు గెలిచిన మొదటి ఆటగాడు అతడే.

డిఫెండరుకు దేహబలం ఒక్కటే చాలదు. బంతి ఎక్కడ ఉన్నదో అందరూ చూస్తారు. అది ఎక్కడికి రాబోతున్నదో అతడు ముందుగా పసిగట్టాలి. ప్రక్కవాడు ముందుకు వెళితే ఆ ఖాళీని తాను పూడ్చాలి. నలుగురూ ఒకే వరుసలో కదలాలి; ఒకడు వెనుకబడితే ఆఫ్‌సైడ్ వల తెగిపోతుంది. అనగా ఇది ఒకరిపై ఒకరికి గల నమ్మకంపై నిలిచే విద్య.

ఆ నమ్మకమే వెలుపల ప్రశ్నకు గురి అయినది. 1996లో జాన్-మారీ లె పెన్ అనే రాజకీయ నాయకుడు, విదేశాల నుండి ఆటగాళ్లను తెచ్చి దానిని ఫ్రెంచి జట్టు అనడం కృత్రిమమని ఆక్షేపించాడు. రెండేళ్ల తరువాత ఫ్రాన్సులోనే ప్రపంచ కప్పు జరిగినది. గ్వాడలూప్ ద్వీపంలో పుట్టిన తురాం, బాస్క్ ప్రాంతీయుడైన లిజరాజు, బ్లాం, డెసాయీ రక్షణ పంక్తిలో నిలిచారు. ఏడు ఆటలలో ఆ జట్టు ఇచ్చిన గోల్సు రెండే.

1998 జూలై 12న బ్రెజిల్‌తో తుది పోటీ. అల్జీరియా నుండి వచ్చిన దంపతుల బిడ్డ జిదాన్ తలతో రెండు గోల్సు సాధించాడు. 68వ నిమిషంలో డెసాయీకి రెండవ హెచ్చరిక లభించి, ఎర్ర కార్డుతో మైదానం వీడవలసి వచ్చినది. అతడు కాచిన గుమ్మాన్ని మిగిలిన పదిమంది కాచారు. 3–0తో ఫ్రాన్సు గెలిచినది. నాటి రాత్రి వీధులలో లక్షల జనం ఆ జట్టును తమదిగా చెప్పుకున్నారు.

2000లో ఫ్రాన్సు యూరప్ కప్పు కూడ గెలిచినది. దెషాం విరమించిన పిదప డెసాయీ నాయకుడయ్యాడు. అయితే 2002 ఏప్రిల్‌లో అదే లె పెన్ అధ్యక్ష ఎన్నికల రెండవ దశకు చేరాడు. కొద్ది వారాలకే ప్రపంచ కప్పులో డెసాయీ నాయకత్వాన ఫ్రాన్సు ఒక్క గోలైనా చేయక మొదటి దశలోనే వెనుదిరిగినది. ఒక కప్పు గెలిచినంత మాత్రాన మనుషుల మధ్య గోడలు కూలవని దీనివలన తెలుస్తున్నది. 2004లో దేశీయ జట్టు నుండి విరమించేనాటికి అతడు ఆడిన అంతర్జాతీయ పోటీలు 116. ఫ్రాన్సులో అది నాటికి అత్యధికం.

గెలిచిననాడు మనవాడు, ఓడిననాడు పరాయివాడు అనే లెక్క న్యాయమైనది కాదు. ఎర్ర కార్డు పొంది వెలుపలికి నడచిన క్షణంలోను, కప్పు చేతబట్టిన క్షణంలోను డెసాయీ ఒకే జట్టు మనిషి. విద్యార్థులారా! మీ జట్టులో, మీ తరగతిలో ఎవరు మనవారని ప్రశ్న వచ్చినప్పుడు, పేరు, పుట్టిన ఊరు అడుగుటకు ముందు, గుమ్మం వద్ద నిలిచి కాచినవారెవరో చూడుడని మా మనవి.