ఎడారికి స్వరమిచ్చిన మోరిస్ జార్

1962వ సంవత్సరం. డేవిడ్ లీన్ దర్శకత్వం వహించిన 'లారెన్స్ ఆఫ్ అరేబియా' విడుదల దగ్గరపడింది. మూడున్నర గంటలకు పైబడిన ఆ చిత్రానికి సంగీతం మాత్రం సిద్ధం కాలేదు. పేరుమోసిన స్వరకర్తల కోసం నిర్మాత చేసిన ప్రయత్నాలు ఫలించలేదు. చివరకు ఆ భారం, హాలీవుడ్‌కు అంతగా పరిచయం లేని ఒక ఫ్రెంచివాని భుజస్కంధాలపై పడింది. గడువు ఆరు వారాలు!

ఆయనే మోరిస్ జార్. 1924లో లియాన్ నగరంలో జన్మించాడు. కుమారుడు ఇంజనీరు కావాలని తండ్రి ఆకాంక్ష. జార్ ఆ చదువును మధ్యలోనే విడిచి, తండ్రి మాట కాదని, పారిస్ సంగీత కళాశాలలో చేరాడు, తాళవాద్యాలను అభ్యసించాడు. 1951 నుంచి సుమారు పన్నెండేళ్లు జాఁ విలార్ నాటకశాలకు సంగీత దర్శకుడుగా పనిచేశాడు. అవిన్యోఁ నాటకోత్సవానికి ఆయన కూర్చిన బాకాల నాదం నేటికీ ప్రదర్శనారంభాన్ని చాటుతూనే ఉంది.

ఆ తాళజ్ఞానమే 'లారెన్స్'లో అక్కరకు వచ్చింది. మొదట భేరీల గంభీర ఘోష. ఆపైన ఇసుక తిన్నెలవలె దిగంతాల వరకు పరచుకునే తంత్రీవాద్యాల రాగం. ఆ సంగీతం జార్‌కు మొదటి ఆస్కార్ తెచ్చిపెట్టింది.

అయితే అసలు పరీక్ష 'డాక్టర్ జివాగో' రూపంలో 1965లో ఎదురైంది. నాయిక లారా కోసం జార్ కట్టిన బాణీలను లీన్ ఒకదాని వెంట ఒకటి తిరస్కరించాడు. రష్యాను మరచిపొమ్మనీ, కొండల్లోకి వెళ్లి తన ప్రియురాలిని తలచుకుని రాయమనీ సలహా ఇచ్చాడు. ఆ తర్వాత పుట్టిందే లారా రాగం. దానికి రష్యన్ బాలలైకాలు కావలసివచ్చాయి. లాస్ ఏంజెలెస్‌లోని ఒక రష్యన్ చర్చిలో ఆ వాద్యం వాయించేవారు దొరికారు గాని, వారికి స్వరలిపి చదవడం రాదు. జార్ వారిచేత బాణీని కంఠస్థం చేయించి వాయింపజేశాడు. ఆ రాగాన్ని చిత్రంలో అతిగా వాడారని విమర్శలు రాకపోలేదు. లోకం మాత్రం దానిని గుండెకు హత్తుకుంది. రెండవ ఆస్కార్ లభించింది.

బెంగుళూరు పరిసరాలలో చాలా భాగం చిత్రీకరించిన 'ఎ పాసేజ్ టు ఇండియా' 1984లో వెలువడింది. భారతదేశపు కథ కనుక సితార్ మోగవలసిందేనని జార్ భావించలేదు. ఒక ఆంగ్ల యువతి అంతరంగంలోని అలజడిని పలికించాడు. ప్రదేశాన్ని కెమెరా చూపుతుంది; మనసును చూపవలసినది సంగీతం. జివాగో నేర్పిన పాఠం అది. మూడవ ఆస్కార్ అందుకుంటూ, ఆ ఏడాది మొజార్ట్ పోటీలో లేకపోవడం తన అదృష్టమని ఆయన చమత్కరించాడు. మొజార్ట్ జీవితంపై తీసిన 'అమెడియస్' ఆ ఏటి ఉత్తమ చిత్రం!

అరవై ఏళ్లు దాటాక కూడా జార్ కొత్త విద్యకు వెనుదీయలేదు. 1985లో 'విట్నెస్' చిత్రానికి పూర్తిగా ఎలక్ట్రానిక్ వాద్యాలతోనే సంగీతం సమకూర్చాడు. 2009 ఫిబ్రవరిలో బెర్లిన్ చిత్రోత్సవం ఆయనను సత్కరించింది. మరునెలలోనే ఆయన కన్నుమూశాడు.

ఇంజనీరు కావలసిన ఆ కుర్రవాడు వంతెనలు కట్టలేదు. కాని ఎన్నడూ ఎడారి చూడని వారిని అక్కడికి చేర్చే దారి ఒకటి వేసి వెళ్లాడు.