మైదానం నుండి మార్గదర్శనానికి

క్రీడాకారుల వృత్తిజీవితం స్వల్పకాలికం. ఇతర వృత్తులలో అనుభవం పండే వయస్సుకే క్రీడారంగంలో విరమణ ఘడియ సమీపిస్తుంది. అయితే శరీరం అలసినంత మాత్రాన ఆర్జించిన విద్య నశించదు. దానిని పదిమందికి పంచడానికి శిక్షణ, వ్యాఖ్యానం అనే రెండు మార్గాలున్నాయి. సికింద్రాబాద్‌లో పెరిగిన మిథాలీ రాజ్ జీవితం ఇందుకు చక్కని ఉదాహరణ.

1982 డిసెంబరు 3న జోధ్‌పూర్‌లో జన్మించిన మిథాలీ, సికింద్రాబాద్‌లోని కీస్ బాలికల ఉన్నత పాఠశాలలో చదువుకున్నారు. భరతనాట్యం అభ్యసిస్తూనే క్రికెట్ వైపు మళ్లారు. ఆమెను తీర్చిదిద్దిన గురువు సంపత్ కుమార్ 1997లో మరణించారు. శిష్యురాలు 1999లో ఐర్లాండ్‌పై తొలి వన్డేలోనే అజేయంగా 114 పరుగులు చేసిన వైభవాన్ని ఆయన చూడలేకపోయారు. 2005, 2017 ప్రపంచకప్‌లలో ఆమె నాయకత్వాన భారత జట్టు తుదిపోరుకు చేరి పరాజయం పొందింది. 232 వన్డేలలో 7,805 పరుగులు సాధించిన మిథాలీ 2022 జూన్‌లో ఆటకు వీడ్కోలు పలికారు.

ఆడటం వేరు, ఆడించడం వేరు. దూసుకువచ్చే బంతిని ఎదుర్కొనే బ్యాటర్‌కు ఆలోచించే వ్యవధి ఉండదు. అభ్యాసబలంతో శరీరమే స్పందిస్తుంది. శిక్షకులు మాత్రం ఆ స్పందనను విడమరచి, ప్రతి క్రీడాకారిణి స్వభావానికి తగినట్లు బోధించాలి. హైదరాబాద్‌కు చెందిన పూర్ణిమా రావు కూడా భారత జట్టుకు నాయకత్వం వహించి, తదనంతరం శిక్షకురాలిగా సేవలందించారు. 2023లో ఆరంభమైన మహిళల ప్రీమియర్ లీగ్‌లో గుజరాత్ జెయింట్స్ జట్టుకు మిథాలీ మార్గదర్శకురాలయ్యారు. ఆ జట్టు 2023, 2024 సంవత్సరాలలో చివరి స్థానంలోనే నిలిచింది. ఎంతటి ప్రతిభావంతులకైనా కొత్త బాధ్యతలో ఫలితం వెంటనే చేతికందదని ఈ అనుభవం తెలుపుతుంది.

వ్యాఖ్యాత కర్తవ్యం మరొక విధమైనది. శిక్షకులు ఆటగాళ్లతో మాట్లాడితే, వ్యాఖ్యాతలు ప్రేక్షకులతో మాట్లాడతారు. తెరపై కనిపించేదానిని వర్ణించడమే చాలదు; ఫీల్డర్‌ను ఎందుకు జరిపారో, బౌలర్ వేగాన్ని ఎందుకు తగ్గించాడో వివరించాలి. ఇందుకు విషయపరిజ్ఞానంతోపాటు భాషాపటిమ, నిష్పాక్షికత, ఎప్పుడు మౌనం వహించాలో తెలిసిన సంయమనం అవసరం. నిన్నటి సహచరుల లోపాలనైనా సున్నితంగా, సత్యంగా చెప్పగలగాలి. మిథాలీ విరమణానంతరం ఈ బాధ్యతనూ స్వీకరించారు.

2025 నవంబరు 2న నవీ ముంబైలో భారత మహిళలు దక్షిణాఫ్రికాను ఓడించి తొలిసారి ప్రపంచకప్ గెలుచుకున్నారు. విజేతలు ఆ కప్పును మైదానంలో ఉన్న మిథాలీ, ఝులన్ గోస్వామి, అంజుమ్ చోప్రా వంటి పూర్వ క్రీడాకారిణుల చేతికి అందించారు. తాము పొందలేని ఫలానికి కూడా పూర్వులు వేసిన పునాదే ఆధారమని ఆ దృశ్యం చాటింది. విద్యకు సార్థకత దానిని ఆర్జించడంలోనే కాదు, తరువాతి తరానికి అప్పగించడంలో కూడా ఉన్నదని విద్యార్థులు గ్రహించాలి.