మాటర్‌హార్న్: ఒక రాతి కొమ్ము కథ

ఐరోపా ఖండములోని ఆల్ప్స్ పర్వతాలలో మాటర్‌హార్న్ కంటె ఎత్తయిన శిఖరములు కొన్ని కలవు. కాని చూచినంతనే గుర్తుపట్టదగిన శిఖరము ఇదియే. స్విట్జర్లాండు, ఇటలీ దేశాల సరిహద్దుపై 4,478 మీటర్ల ఎత్తున ఇది ఒంటరిగా నిలిచి ఉన్నది. దీనికి ఉత్తరపు వైపున జెర్మాట్ అను స్విస్ గ్రామము, దక్షిణపు వైపున బ్రెయి అను ఇటలీ గ్రామము ఉన్నవి. జర్మను భాషలో 'మాట్' అనగా పచ్చిక బయలు, 'హార్న్' అనగా కొమ్ము. ఇటలీవారు దీనిని చెర్వీనో అంటారు.

ఆల్ప్స్‌లోని పెద్ద శిఖరములు చాలావరకు ఎక్కబడిన తరువాత కూడ మాటర్‌హార్న్ 1865 వరకు ఎవరికిని లొంగలేదు. అంతకాలము ఎందుకు లొంగలేదు? చివరకు ఎట్లు లొంగినది? ఈ రెండు ప్రశ్నలకును సమాధానము చాలవరకు దాని శిలలలోనే ఉన్నది.

కొమ్ము ఏర్పడిన విధము

పూర్వము ఆఫ్రికా, ఐరోపా భూభాగాల నడుమ టెథిస్ అనే సముద్రము ఉండెడిది. ఆ భూభాగాలు క్రమముగా దగ్గరకు జరుగగా సముద్రము మూసుకొనిపోయినది. దాని అడుగున ఉన్న శిలలు నలిగి, ముడుతలుపడి పైకి లేచినవి. ఆఫ్రికా వైపు భూభాగపు అంచు వాటిపైకి ఎక్కినది. అందువలన మాటర్‌హార్న్ మొదట్లో సముద్రపు అడుగునాటి శిలలు, పైభాగమున వాటికంటె ప్రాచీనమైన నైస్ శిలలు కనిపించును. సాధారణముగా పాత శిలలు క్రింద, కొత్తవి పైన ఉండవలెను. ఇక్కడ ఆ క్రమము తారుమారైనది.

కొమ్ము ఆకారమును చెక్కినది మంచు. పగటివేళ కరిగిన నీరు రాతి పగుళ్ళలోనికి దిగి రాత్రి గడ్డకట్టును. గడ్డకట్టునపుడు నీటి ఘనపరిమాణము సుమారు నూటికి తొమ్మిది వంతులు పెరుగును. ఆ ఒత్తిడికి రాయి పగులును. పగిలిన రాళ్ళను హిమానీనదములు ఈడ్చుకొనిపోవును. ఇట్లు పర్వతము చుట్టును గిన్నెలవంటి పల్లములు ఏర్పడి, అవి వెనుకకు తొలుచుకొనుచు పోగా నడుమ నాలుగు ముఖములు, నాలుగు అంచులు గల కొమ్ము మిగిలినది.

పొరల వాలు

జెర్మాట్ నుండి చూచువారికి తూర్పు ముఖము నిట్టనిలువు గోడవలె తోచును. అందుచేత తొలి ప్రయత్నములు ఎక్కువగా ఇటలీ వైపు నుండియే జరిగినవి. ఎడ్వర్డ్ వింపర్ అను ఆంగ్ల యువకుడు కూడ ఆ వైపున పలుమార్లు ప్రయత్నించి విఫలుడైనాడు. అతడు వృత్తిచే చిత్రములు చెక్కువాడు. ఆకారములను శ్రద్ధగా గమనించుట అతనికి అలవాటు. ప్రక్కనుండి చూచినపుడు తూర్పు ముఖము కనబడినంత నిటారుగా లేదని, రాతి పొరలు నైరుతి వైపునకు వాలి ఉన్నవని అతడు గ్రహించినాడు.

దీనిని తరగతిలో సులభముగా చూపవచ్చును. పెద్ద పుస్తకము అడుగున, చిన్నది పైన ఉండునట్లు దొంతి పేర్చి, మొత్తమును ఒక ప్రక్కకు వంచవలెను. వంగిన వైపున మెట్లు బయటికి వాలును. వాటిపై కాలు జారును. ఎదుటి వైపున మెట్లు లోపలికి వాలును, కాలు నిలుచును. ఇటలీ వైపు అంచు మొదటి రకము, జెర్మాట్ వైపు అంచు రెండవ రకము.

విజయము, విషాదము

1865 జూలై 14వ తేదీ మధ్యాహ్నము వింపర్ బృందము హోర్న్‌లి అను ఈశాన్యపు అంచు మీదుగా శిఖరమును చేరినది. బృందములో ఏడుగురు: వింపర్, హడ్సన్, డగ్లస్ ప్రభువు, హాడో, మార్గదర్శకులు మిషెల్ క్రో, టౌగ్‌వాల్డర్ తండ్రీకొడుకులు. పొరలను గూర్చిన ఊహ నిజమైనది.

దిగునపుడు ఏడుగురును ఒకే వరుసలో త్రాళ్ళతో కట్టుకొన్నారు. పర్వతారోహణలో అంతగా అనుభవము లేని హాడో కాలు జారి, ముందున్న క్రోపై పడినాడు. ఆ బరువుకు హడ్సన్, డగ్లస్ కూడ లాగబడినారు. డగ్లస్‌కును పెద్ద టౌగ్‌వాల్డర్‌కును నడుమ త్రాడు తెగినది. నలుగురు సుమారు 1,200 మీటర్లు క్రిందికి పడి మరణించినారు. డగ్లస్ దేహము దొరకనేలేదు. తెగినది బృందము వద్దనున్న త్రాళ్ళలో అన్నిటికంటె బలహీనమైనది. టౌగ్‌వాల్డరే త్రాటిని కోసినాడని పుకారు పుట్టినను విచారణలో అతనిపై నేరము నిలువలేదు. ఆ త్రాటిముక్క జెర్మాట్ మ్యూజియములో భద్రపరచబడినది.

మూడు దినములకు, జూలై 17న, కారెల్ నాయకత్వములో ఇటలీవారు తమ వైపు నుండియే శిఖరమును చేరినారు. 1871లో లూసీ వాకర్ దీనిని ఎక్కిన మొదటి మహిళ అయినది. అన్నిటికంటె భయంకరమైన ఉత్తర ముఖమును 1931లో ష్మిడ్ సోదరులు జయించినారు.

నేటి మాటర్‌హార్న్

నేడు హోర్న్‌లి అంచుపై 3,260 మీటర్ల ఎత్తున వసతిగృహము, కష్టమైన చోట్ల స్థిరమైన లావు త్రాళ్ళు ఉన్నవి. అయినను ప్రమాదములు ఆగలేదు. ఎత్తయిన చోట్ల రాతి పగుళ్ళలో ఏళ్ళతరబడి కరుగని మంచు జిగురువలె రాళ్ళను పట్టి ఉంచును. 2003 నాటి తీవ్రమైన వేసవిలో ఆ మంచు కరిగి, హోర్న్‌లి అంచునుండి పెద్ద రాతిభాగము విరిగిపడినది. తరువాత శాస్త్రజ్ఞులు అక్కడి పగుళ్ళలో పరికరములు అమర్చి, ఉష్ణోగ్రతను, పగుళ్ళ కదలికను కొలుచుచున్నారు.

రాతి పొరల వాలును గమనించి 1865లో మానవుడు ఈ శిఖరమునకు దారి కనుగొన్నాడు. కాని అదే దినమున దిగునపుడు నలుగురిని కోల్పోయినాడు. నేడు ఆ దారి ఎంతవరకు నిలుచునో తెలిసికొనుటకు పగుళ్ళలోని మంచును కూడ కనిపెట్టి ఉండవలసి వచ్చినది.