ఉత్తర్వులో లేని ఒక్క మాట

పోర్ట్‌బ్లెయిర్ 2024లో శ్రీవిజయపురం అయింది గానీ, డైరీ ఫార్మ్ పేట పేరు మాత్రం మారలేదు. పార్లమెంటు విరామంలో అక్కడికి వెళ్లినప్పుడు, శ్రీకాకుళం నుంచి ఏనాడో వలస వచ్చిన కుటుంబానికి చెందిన ఒక వృద్ధుడు నాకొక కాగితం చూపించాడు. ఇంటిస్థలం గురించి వచ్చిన నోటీసుపై ఆయన కలకత్తా హైకోర్టు సర్క్యూట్ బెంచిలో రిట్ వేశాడు. అర్జీ పెట్టుకుంటే పరిశీలిస్తామని అధికారులు చెప్పగా, దానిని ఉపసంహరించుకున్నాడు. పరిశీలన మాత్రం జరగలేదు.

"కేసు ఎనక్కి తీసుకున్నాను గాని, హక్కు ఒదులుకోలేదు గదా బాబూ?" అని అడిగాడు.

ఉత్తర్వు ఒక్కటే వాక్యం. ఉపసంహరించుకున్నందున కొట్టివేయడమైనది. మళ్లీ వేసుకునే స్వేచ్ఛ ఇచ్చినట్లు అందులో లేదు. ఇంగ్లీషు చదివిన రోజుల్లో 'లిబర్టీ' అంటే నాకు మిల్టన్, మిల్ గుర్తుకు వచ్చేవారు!

కోర్టు అనుమతి లేకుండా దావా వదులుకున్నవారు అదే విషయంపై మళ్లీ దావా వేయరాదని సివిల్ ప్రొసీజర్ కోడ్ 23వ ఆర్డరు చెబుతుంది. అనుమతి దొరికినా కాలపరిమితి ఆగదు. మొదటి దావా అసలు వేయనట్లే లెక్క. ఈ సూత్రాన్ని హైకోర్టు రిట్లకూ వర్తింపజేసింది 1986 నాటి సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ కేసు. తీర్పు రాసినవారు జస్టిస్ ఇ.ఎస్. వెంకటరామయ్య. అనుకూలమైన బెంచి దొరికేదాకా పిటిషన్లు మార్చి మార్చి వేసే ఎత్తుగడను అరికట్టడమే ఉద్దేశం. సబబే. కానీ ఆ వలలో ఎత్తులు తెలియని ఈ ముసలాయన కూడా పడ్డాడు. లోక్‌సభలోనైనా ప్రతిపాదించిన తీర్మానాన్ని సభ అనుమతితోనే ఉపసంహరించుకోవాలి. అయితే అక్కడ నిబంధనలు చెప్పేవారికి కొదవలేదు.

ప్రభుత్వాలకూ ఈ నిరీక్షణ తప్పదు. కృష్ణా జలాలపై సుప్రీంకోర్టులో వేసిన పిటిషన్‌ను, 2020 అపెక్స్ కౌన్సిల్ సమావేశంలో కుదిరిన మాట మేరకు, తెలంగాణ 2021లో ఉపసంహరించుకున్నది. బ్రిజేష్ కుమార్ ట్రిబ్యునల్‌కు కేంద్రం అదనపు విచారణాంశాలు అప్పగించింది 2023 అక్టోబరులో! రాష్ట్రానికి ఢిల్లీలో ఎంపీలున్నారు, వకీళ్లున్నారు. డైరీ ఫార్మ్ వృద్ధునికి ఎవరున్నారు?

దారులన్నీ మూసుకుపోలేదు. సివిల్ దావాకు ఆ తీర్పు అడ్డు కాదు. అర్జీని తిరస్కరిస్తూ అధికారులు కొత్త ఉత్తర్వు ఇస్తే, దానిని విడిగా సవాలు చేయవచ్చు. ఆ సంగతే చెప్పాను. వకీలుకు చూపించడానికి ఇంగ్లీషులో రాసిమ్మన్నాడు. రేషన్ కార్డు నకలు వెనుక రెండు పంక్తులు రాసి ఇచ్చాను.