జవాబు దావాకు గడువు ముప్పై రోజులే
జాప్యం చేస్తే ప్రతివాదికే నష్టం

చిలమకూరు: పొలం గట్టు, బండి రస్తా, అన్నదమ్ముల భాగాలు, ప్రామిసరీ నోటు బాకీలు.. పల్లెల నుంచి సివిల్ కోర్టు మెట్లెక్కే తగాదాలు తరచుగా ఇటువంటివే. సిమెంటు కర్మాగారం, సున్నపురాయి గనులు ఉన్న చిలమకూరులోనైనా, ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల ప్రాంతాల్లోనైనా ఈ వివాదాలకు మూలం భూమే. దావా ఎలాగూ ఏళ్ల తరబడి సాగుతుందన్న ధీమాతో సమన్లు అందుకున్నవారు తొలి వాయిదాలను తేలికగా తీసుకుంటుంటారు. దావా ఎంతకాలం నడిచినా జవాబు దావాకు చట్టం ఇచ్చిన గడువు మాత్రం స్వల్పమే.

గడువు ఎంత?

1908 నాటి సివిల్ ప్రక్రియా స్మృతిలోని 8వ ఆర్డరు, 1వ నియమం ప్రకారం సమన్లు అందిన 30 రోజులలోగా ప్రతివాది జవాబు దావా దాఖలు చేయాలి. తగిన కారణం ఉంటే దానిని నమోదు చేసి, సమన్లు అందిన నాటి నుంచి 90 రోజులకు మించకుండా న్యాయస్థానం గడువు పొడిగించవచ్చు. 2002 జులై 1 నుంచి ఈ నిబంధన అమలులో ఉంది. సమన్లు తీసుకోవడానికి నిరాకరించినా అవి అందినట్లుగానే కోర్టు ప్రకటించవచ్చు.

తొంభై రోజులు దాటితే?

ఈ గడువు దాటినంత మాత్రాన తలుపులు పూర్తిగా మూసుకుపోవని కైలాష్ వర్సెస్ నన్హ్‌కు కేసులో సుప్రీంకోర్టు 2005లో స్పష్టం చేసింది. అయితే మినహాయింపు అసాధారణ పరిస్థితులకే పరిమితమని, అడిగిందే తడవుగా గడువు ఇవ్వరాదని పేర్కొంది. సాధారణ దావాలకు ఇదే సూత్రం వర్తిస్తుందని 2020లో దేశ్‌రాజ్ వర్సెస్ బాలకిషన్ తీర్పులో పునరుద్ఘాటించింది. ఆలస్యానికి కారణాన్ని అఫిడవిట్‌లో వివరించి, ఆధారాలు చూపాల్సిన బాధ్యత ప్రతివాదిదే. కోర్టు అనుమతించినా వాదికి ఖర్చులు చెల్లించమని ఆదేశించవచ్చు.

వాణిజ్య వివాదాలలో ఈ వెసులుబాటు కూడా లేదు. 2015 నాటి వాణిజ్య న్యాయస్థానాల చట్టం ప్రకారం 120 రోజులు దాటితే జవాబు దావా వేసే హక్కే పోతుంది.

మౌనం అంగీకారమే!

జవాబు దావా లేకుంటే 8వ ఆర్డరు, 10వ నియమం కింద కోర్టు తీర్పు ప్రకటించవచ్చు. అయితే జవాబు రాలేదన్న ఒక్క కారణంతో కళ్లు మూసుకుని డిక్రీ ఇవ్వరాదని 1999లో బల్‌రాజ్ తనేజా కేసులో సుప్రీంకోర్టు హెచ్చరించింది. వాది చెప్పిన విషయాలకు రుజువు అడిగే అధికారం కోర్టుకు ఉంది. జవాబు దాఖలు చేసినా, వాది ఆరోపణలను ఒక్కొక్కటిగా, స్పష్టంగా తిరస్కరించాలి. అలా తిరస్కరించని అంశాలను అంగీకరించినట్లుగా పరిగణిస్తారు.

ఎక్స్‌పార్టీ అయితే..

వాయిదాకు హాజరుకాని ప్రతివాదిని ఎక్స్‌పార్టీగా ప్రకటిస్తే, విచారణ ముగియకముందే తగిన కారణం చూపి ఆ ఉత్తర్వు రద్దు కోరవచ్చు. డిక్రీ అయిపోతే దాని రద్దుకు 30 రోజులలో దరఖాస్తు చేయాలి. సమన్లు సక్రమంగా అందని పక్షంలో డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి ఈ గడువు లెక్కిస్తారు.

దావా నడుస్తుండగా ప్రతివాది మరణిస్తే వారసులను కక్షిదారులుగా చేరుస్తారు. ఆ హోదాకు తగిన వాదన వినిపించే హక్కు వారికి ఉంటుంది. తండ్రి అందుకున్న సమన్ల సంగతి బిడ్డలకు తెలియకపోతే ఆస్తికే ముప్పు.

ఏం చేయాలి?

సమన్లు అందిన తేదీని రాసి పెట్టుకోవాలి. వాటితో వచ్చిన దావా ప్రతిని, పాసు పుస్తకం, దస్తావేజులు, పన్ను రసీదులను వెంటనే న్యాయవాదికి చూపాలి. వకాల్తా ఇచ్చి ఊరుకోక, జవాబు దావా దాఖలైందా లేదా అని వాకబు చేయాలి. ఆర్థిక స్తోమత లేనివారు న్యాయసేవాధికార సంస్థను ఆశ్రయించవచ్చు. మహిళలు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయం లభిస్తుంది.